కడిగేసిన అడుగు

ఊరి బయట చింతచెట్టు కింద ఆ దిగుడుబావి ఉందే, చుట్టు తిరిగైనా పోతారు గానీ దాని పక్కనించి ఎవరూ పోరే, దాని సంగతేందని అడుగుతున్నారు గదా, చెబుతా, కూచోండి. భయపడే కథ కాదులే. అలిసిపోయే కథ.

ఆ బావికాడి గంగమ్మ రాయికి శుక్రవారం పొద్దున్నే పసుపునీళ్లు చల్లి ముగ్గేసే పని అంకమ్మది, వాళ్లత్త కాలంనించీ ఆ ఇంటిదే. ఒక శుక్రవారం పోయేసరికి మెట్లమీద నెత్తురు. ఏమనుకుంటది? ఎవరో మొక్కు తీర్చుకుని కోణ్ణి కోశారనుకుంది. అమ్మవారి ముందు నెత్తురు ఎండగూడదాయె, రెండు బిందెలు కుమ్మరించి కడిగి, దానిమీద ముగ్గు కూడా పెట్టి ఇంటికొచ్చింది. మర్నాడు మా ఊరి తిరపతమ్మ శవం బావిలో తేలింది.

పోలీసులొచ్చి చూస్తే ఏముంది, ముగ్గుంది. అప్పుడు అంకమ్మ నెత్తీనోరూ కొట్టుకుని చెప్పింది, నెత్తుట్లో ఎడమకాలి అడుగుంది, దానికి చిటికెనవేలు లేదు అని. ఊళ్లో ఆ వేలు లేనిది యలమందకే, బండిచక్రం కింద నలిగి పోయింది, పైగా పొలానికి నీళ్లు పెట్టుకునే వంతుకాడ తిరపతమ్మతో తగువు. ఇంకేం కావాలి? యావజ్జీవం వేశారు. కడిగేసిన అడుగు ఏం సాక్ష్యమని పైకోర్టు కొట్టేసింది. మళ్లీ మొదట్నించీ విచారించమన్నారు, మళ్లీ శిక్ష పడింది, మళ్లీ కొట్టేశారు. పద్దెనిమిదేళ్లు! ఊరు రెండుగా చీలి పిల్లనిచ్చి పుచ్చుకోడం కూడా మానేసింది.

అన్నేళ్లూ అంకమ్మ బస్సెక్కడం, బోనెక్కడం, అదే మాట చెప్పడం. ఒకసారి యలమంద తరపు వకీలు అడిగాడంట, మొదటి బిందె కుమ్మరించాక గదా వంగి చూశావు, నీ నీళ్లకే ఆ వేలు చెరిగిందేమో అని. ముందు చూసిందో, ముందు పోసిందో, ఎంత తలుచుకున్నా ఆమెకి గుర్తు రాలా. అప్పట్నించీ అన్నం సయించలేదు పాపం.

ఇంకోటుంది. వాయిదాకి పోయి సాయంత్రం బస్సు దిగి ఆ దారినే వస్తుంటే, మూడో మెట్టుమీద తిరపతమ్మ తడిజుట్టుతో కూచుని, తీర్పొచ్చిందా అక్కా అని అడిగేదంట. మొదటిసారి అంకమ్మకి మూడ్రోజులు జ్వరం. పదోసారికి భయమూ పోయింది. వాయిదా పడిందమ్మా అని చెప్పి ఇంటికొచ్చేది. ఈ మాట ఆమే నాకు చెప్పింది.

చివరికి కేసు పూర్తిగా కొట్టేశారు. యలమంద తల నెరిసి, కర్ర పట్టుకుని ఇంటికొచ్చాడు. వస్తా వస్తా అంకమ్మ గుమ్మం ముందు నిలబడి, నిజంగా చూశావా వదినా అని అడిగాడు. తిట్టలేదు, కొట్టలేదు. తిట్టినా బాగుండేది.

ఆ సాయంత్రం అంకమ్మ తనే బావికి పోయింది. కోర్టులు తేల్చలేదు, నువ్వే చెప్పు తల్లీ, వాడేనా? కాకపోతే ఒక మనిషి బతుకు నేను మింగినట్టే అని ఏడ్చింది. తిరపతమ్మ ఆమె మొహంలోకి చూసి ఏమన్నదో తెలుసా?

"వెనకనించి కొట్టారక్కా, నేను చూళ్లేదు. నువ్వు చూశావు గదా, నువ్వు చెబుతావనే గదా ఇన్నేళ్లూ కూచున్నా."

ఆ వానాకాలంలోనే అంకమ్మ పోయింది. ఇప్పుడా మూడో మెట్టుమీద ఇద్దరుంటారు.

అందుకని అటు పోమాకండి. పట్టుకుంటారని కాదు. నువ్వేమన్నా చూశావా అని అడుగుతారు. చూశానన్నా, చూళ్లేదన్నా, మళ్లీ రమ్మంటారు.