బుధవారం బండి రాదు

తొమ్మిదోసారా? అయ్యో వెన్ లాయరు గారూ, మళ్ళీ నేనేనా? పందొమ్మిదో ఏట చూసింది చెప్పీ చెప్పీ ముప్ఫై నిండాయండీ నాకు!

కూర్చోండి. తైపే నుంచి ఇంత పొద్దున్నే వచ్చారు, వేడి సోయాపాలు తాగండి. ఉల్లికాడల రొట్టె వేస్తున్నా. గుడ్డు కొట్టనా? సరే.

కేసు మీకు కొత్త, నాకు కంఠతా. మా సందు చివర తాకట్టు కొట్టు ముసలాయన పాంగ్‌ను ఎవరో పొడిచి చంపారు. ఇప్పుడు మీరు వాదిస్తున్న చిహావ్ అన్నను పోలీసులు పట్టుకెళ్ళారు. రోజూ నా టిఫిన్ బండి దగ్గర తినేవాడు పాపం. ఎనిమిది విచారణలు, ఎనిమిదిసార్లూ దోషే. ఎనిమిదిసార్లూ పై కోర్టు ఆ తీర్పు కొట్టేసి, "మళ్ళీ విచారించండి" అని కిందికి తోసేసింది. ఒకసారి కత్తి పొడవు కుదర్లేదు. ఇంకోసారి రక్తపు మరక ఎవరిదో తేల్లేదు. మా సందును నాలుగుసార్లు కొలిచారండీ, కొలిచినప్పుడల్లా ఒక అడుగు తగ్గింది. ఇంకో రెండు విచారణలైతే నా బండి కూడా పట్టదు!

నా సాక్ష్యం మాత్రం? చెక్కుచెదరలేదు. "హత్య జరిగిన సాయంత్రం ఏడూ నలభైకి చెత్తబండి పాట వినబడింది. సంచి పట్టుకుని బయటికొచ్చా. చిహావ్ అన్న తాకట్టు కొట్టు వైపు పోతూ కనిపించాడు." అంతే! ఐదో తీర్పు నూట నలభై మూడు పేజీలు, అందులో ఆ పాట పందొమ్మిది చోట్ల. లెక్కపెట్టా. "చెత్తబండికి ఎవరి మీదా పగ ఉండదు" అని రాశారు. ఏం రాతండీ!

ఏంటలా చూస్తారు? హత్య జరిగింది ఏ వారమా? బుధవారం.

అవునూ, మీ ఇంట్లో చెత్త ఎవరు పారేస్తారు? అమ్మగారా? అదీ సంగతి.

బుధవారం బండి రాదండీ.

మా సందులో పిల్లినడిగినా చెబుతుంది. బుధ, ఆదివారాలు సెలవు. విచారణకు ముగ్గురు చొప్పున ఇరవై నాలుగు మంది జడ్జీలు! ఒక్కరంటే ఒక్కరు జన్మలో ఒకసారైనా సంచి పట్టుకుని ఆ బండి వెనక పరిగెత్తి ఉంటే, చిహావ్ అన్న ఎప్పుడో ఇంటికొచ్చేవాడు. నేను చూసింది ముందురోజండీ. మంగళవారం.

నాకెప్పుడు తెలిసిందా? ... పోలీసులడిగినప్పుడు తెలీదు, ఒట్టు. వారం తర్వాత అడిగారు, రోజులన్నీ కలిసిపోయాయి. మూడో విచారణ అయ్యాక తెలిసింది. కోర్టు నుంచి వచ్చి, సంచి పట్టుకుని సందులో నిలబడ్డా. ఇరవై నిమిషాలు, ఒక్కణ్ణే. ఎదురింటావిడ కిటికీలోంచి ఒకటే నవ్వు: "సాక్షిగారూ, ఇవాళ బుధవారం!"

అవును. ఆ తర్వాత కూడా ఐదుసార్లు అదే చెప్పా. ఏం చెయ్యమంటారు? దొంగసాక్ష్యానికి ఏడేళ్ళ దాకా వేస్తారట. అప్పుడే పెళ్ళయింది, అప్పుడే రెండో బండి పెట్టా. ఇంతమంది జడ్జీలున్నారు, ఎవరో ఒకరు పట్టుకోకపోతారా, నా నోటితో నేనెందుకు అనుకున్నా.

ఆరోసారి జడ్జి చిహావ్ అన్ననే అడిగాడు, "ఈ సాక్షి అబద్ధమాడుతున్నాడా?" అని. అన్న నా వైపు చూశాడు. "లేదండీ, ఈ తమ్ముడు అలాంటివాడు కాదు. ఆ రోజు అటు వెళ్ళిన సంగతి నేనే మర్చిపోయుంటా" అన్నాడు.

నేను తలూపానండీ. అవునన్నట్టు.

రాసుకోండి, మంగళవారం. తలూపింది కూడా రాయండి. దానికి వేరే శిక్ష ఉందో, ఆ ఏడేళ్ళలోనే కలిపేస్తారో, మీరే కనుక్కోండి.