తవిటమ్మ ఎవరి పిల్ల

వంశధార గట్టు తెగి ఊరి గొడ్లన్నీ కొట్టుకుపోయిన ఏడు వెళ్ళి, అప్పటికి ఆరేళ్ళు. ఒక సాయంత్రం దాలయ్య కూతురు తవిటమ్మను వెంటబెట్టుకొని ఏరు దాటి, నరసన్నపేట పక్క ఊళ్ళో ఉన్న అప్ప గున్నమ్మ ఇంటికి వచ్చాడు. పిల్ల లోపలికి పోయింది. అక్కాతమ్ముళ్ళు నడవలో కూర్చున్నారు.

“మళ్ళీ సెప్పు. నానిన్నది నిజమేనేటి?”

“నిజమే.”

“ఏటి నిజం? నీ నోటితో అను.”

“అది నీ పిల్ల, అప్పా. నా పిల్ల కాదు.”

“ఒరే దాలయ్యా, దారిలో కల్లుపాక కాడ ఆగినావేటిరా?”

“నాను కల్లు తాగను.”

“తెల్సురా. మాటవరసకన్నాను. నీ పెళ్ళాం లచ్చనమ్మ కన్నది. నీకు పుట్టింది. ఆరేళ్ళు పెంచినారు. ఇప్పుడు నా గుమ్మంలో దింపీసి నీ పిల్లంటావేటి?”

“వరదనాడు నాను పారీసినాను. నువ్వెత్తుకున్నావు. నాను తిరిగి కొనుక్కోనేదు.”

“అది పారీడవేటిరా! ముందు ముగ్గురు పురిట్లోనే పోనారని, ఇదైనా బతకాలని, సేటలో ఎట్టి పెంట మీద ఉంచినాం. దొరికిన బిడ్డని నానెత్తుకున్నాను. నువ్వు పిడికెడు తవుడు నాకిచ్చి నీ బిడ్డని కొనుక్కున్నావు. సావు కళ్ళు కప్పడానికి ఆడే ఆట అది. బిడ్డలు దక్కనోలు అందరూ ఆడేదే. అందుకే గదా దానికి తవిటమ్మని పేరెట్టినాం!”

“తవుడివ్వనేదు.”

“ఏటీ?”

“నాను తవుడివ్వనేదు. వరదలో పోనాది. అందుకని అది నీదే.”

“ఇచ్చినావురా! మూడోనాడు. మోకాటి బురదలో నడిసొచ్చి నా సీర కొంగులో ఎట్టినావు. తడిసి, పులిసి కంపు కొట్టింది. గేదెకెడితే అది కూడా మూతి తిప్పీసుకుంది. నాకు గేపకం నేదేటి?”

“ఇవ్వనేదు.”

“నా ముకం సూసి సెప్పు.”

“నాను ఎవులి ముకవూ సూణ్ణు గదా.”

“అదీ నిజమే. పోనీ గోడకేసి సూసే సెప్పు.”

“ఇవ్వనేదు, అప్పా.”

“ఆరి నీ తస్సదియ్య! ముప్పైయ్యేళ్ళలో నీ నోట అబద్దం నానిన్నేదు. మునసబొచ్చి ‘మీ అయ్య ఏడ్రా’ అంటే, ‘అటక మీద దాక్కున్నాడండి, ఊళ్ళో నేనని సెప్పమన్నాడండి’ అన్నోడివి.”

“దాక్కున్నాడు గదా మరి.”

“సింతబరికె ఇరిగిందాకా కొట్టినాడు అయ్య. దెబ్బ దెబ్బకీ ‘అటక మీదే గదా, అటక మీదే గదా’ అంటానే ఉన్నావు. అలాటోడివి ఇప్పుడు నా ఎదట కూకొని...”

“గంజి ఆ సత్తు గిన్నెలోనే పొయ్యి. నాను తెచ్చిన మూటలో ఉన్నాది.”

“నానేటడుగుతన్నాను, నువ్వేటి సెప్తన్నావు!”

“వేరే గిన్నెలో పోస్తే తాగదు. ఉప్పు కలిపీసి పొయ్యి, పైన ఎయ్యకు. రోకలిపోటు ఇంటే సెవులు మూసీసుకొని గుండ్రంగా తిరుగుతాది. అప్పుడు ముట్టుకోకు. గోనె కప్పు. బరువుగా ఉండాల. దుప్పటి సాలదు.”

“ఎన్నాళ్ళకని సెప్తన్నావురా ఇవన్నీ?”

“సింతగింజలు వరస ఎడతాది. తుడవకు. వరస సెడగొడితే రెండు పూటలు తిండి తిందు.”

“దాలయ్యా.”

“ఊఁ.”

“ఎవులెట్టినారు నీ బుర్రలో ఈ మాట? మీ అత్త గురమ్మేనా?”

“అత్త అన్నాది... ఆరేళ్ళొచ్చినా గుంటకి మాట నేదు. పిలిస్తే పలకదు. తల్లి ముకం కూడా సూడదు. ఇప్పుడింట్లో సంటోడున్నాడు. దీని దోసం ఆడికి తగుల్తాదన్నాది.”

“దోసం! మరి నీకెన్నేళ్ళకొచ్చిందిరా మాట?”

“తెల్దు.”

“నాకు తెల్సు. ఐదు నిండినాక. అమ్మా అన్నేదు, అయ్యా అన్నేదు. తిన్నగా ‘ఎర్రెద్దు కుంటతన్నాది’ అన్నావు. సూస్తే నిజంగానే కుంటతన్నాది. అంతవరకూ ఎవులేటన్నారు నిన్ను? మగోడికి మాట ఆలిసంగానే వస్తాది, గుంటడు గంబీరం అన్నారు. ఇది ఆడగుంటయ్యేసరికి దోసమైపోనాదేటి?”

“నాకు మాటొచ్చింది. దీనికి రానేదు.”

“మరి మన సిన్నాన్న కొడుకు లక్ష్ముడో? ఆడికి మాట ఆగదు. రోడ్డు మీద ఏ బస్సు ఎన్నింటికెల్తాదో, దాని నంబరేటో, అడక్కపోయినా సెప్తాడు. సావింట్లో కూకోబెట్టినా బస్సులే. పిల్లనిచ్చిన మావ దణ్ణమెట్టి పారిపోనాడు.”

“లక్ష్ముడు తప్పు సెప్పడు. తొమ్మిదింటి బస్సు తొమ్మిదింటికే వస్తాది.”

“నీకదే కావాల! మన తాత మాటేటి? ఎద్దులతో తప్ప మనిసితో పలకనేదు. డప్పులు మోగుతన్నాయని పెళ్ళిపీట మీంచి లేసి ఎలిపోయి పసువుల సాలలో కూకున్నాడంట. ఇంకేటి సేత్తారు? అవ్వని అక్కడికే తీసికెల్లి పేడలో నిలబెట్టి తాళి కట్టించినారంట.”

“తాత మంచోడు.”

“మంచోడే. మగోడు, నాలుగెకరాలున్నోడు. మంచోడు కాక ఏటవుతాడు? సరే, నన్ను సూడు.”

“నీకేటి, అప్పా. నువ్వు నలుగుర్లో తిరుగుతావు. పేరంటాలకెల్తావు. మంగళారతి పాడతావు.”

“పాడతానురా. ఎలాగ పాడతన్నాననుకున్నావు? సిన్నప్పుడు మూల కూకొని కదలకపోతే ఏటన్నారు? బుద్దిమంతురాలు, ఎక్కడెడితే అక్కడుంటాది అన్నారు. ఆడపిల్ల గదా, పలక్కపోతే సిగ్గనుకున్నారు. కాపరానికొచ్చినాక తోటికోడలి ఎనకాలే తిరిగి, అది ఎప్పుడు నవ్వితే అప్పుడు నవ్వినాను. పురిటింటికెల్తే ఏటనాల, సావింటికెల్తే ఏటనాల, దారి పొడుగూతా లోపల్లోపల అనుకుంటా ఎల్తాను. ఇప్పటికీ అంతే. ఒకసారి తిరగబడిపోనాది. సావింట్లోకెల్లి ‘నిండు నూరేళ్ళూ సల్లగుండాల’ అనీసినాను.”

“ఎవులింట్లో?”

“ఎవులింట్లో అయితే నీకెందుకురా! ఏటా నవ్వు?”

“నవ్వనేదు.”

“ఇంటికొచ్చీసి గాదెకీ గోడకీ నడిమి సందులో దూరీసి, కొంగు నోట్లో కుక్కుకొని కూకుంటాను. మీ బావకి తెల్దు. తలనొప్పని సొంటి అరగదీసి ఎడతాడు, ఎర్రిబాగులోడు. ఇరవైయ్యేళ్ళ నుంచీ రాత్తానే ఉన్నాడు సొంటి. సరే, ఇప్పుడు నీ కూతురు ఎక్కడున్నాదో సూసిరా.”

“ఇక్కణ్ణుంచే అగుపడతన్నాది. గాదె సందులో.”

“వొచ్చి గడియ కానేదు. ఇంతింట్లో నా సోటే ఎలాగ కనిపెట్టింది? అది మన రగతంరా. ఒకే కుండలో అంబలి. నీకో గరిటె, తాతకో గరిటె, లక్ష్ముడికి పొంగిపోయింది, నాకు పైతేట. దానికి అడుగు ముద్దొచ్చింది. అంతే.”

“అందుకే నీకాడికి తెచ్చినాను.”

“అదీ! మళ్ళీ అక్కడికే వొచ్చినావు. కన్నబిడ్డని వొదిలించుకోడానికి తవుడు సాకెట్టినావు. నీకంటే ఆ వరద నయం. గొడ్లనెత్తుకుపోనాది గాని పిల్లని ఒగ్గీసింది.”

“దానికి దువ్వెన పడదు. సేత్తో సిక్కు తియ్యి.”

“సిగ్గు నేదేట్రా నీకు? లచ్చనమ్మ ఏటన్నాది? కన్నతల్లి గదా.”

“ఏడిసింది.”

“మరి నువ్వు?”

“నాకేడుపు రాదు. నీకు తెల్సు గదా.”

“తెల్సు. అమ్మ పోయిననాడు కూడా పాడె తాడుకి ముడులు లెక్కెట్టినావు.”

“పదకొండు.”

“ఓలమ్మ... ఒరే, ఇలా సూడు. సూడకపోతే పోనీ, ఇను. తవుడిచ్చినానని ఒప్పుకో. ఒప్పుకుంటే పది రోజులో, నెల్రోజులో నానే ఉంచుకుంటాను. మీ అత్త మనసు కుదుటపడినాక తీసికెల్దువుగాని. ఒప్పుకోకపోతే రేపు పొద్దున్నే దాన్నెత్తుకొని నీ ఎనకాలే వస్తాను. మీ అత్త ఎదటా, ఊరి పెద్దల ఎదటా ఆ తవుడి మాట సెప్తాను.”

“సెప్పకు.”

“సెప్తాను! నాకేటి బయం?”

“సెప్పకు, అప్పా. రేపు మంత్రగాడొస్తన్నాడు.”

“ఏ మంత్రగాడు?”

“వాతలెట్టీవోడు. అత్త పిలిపించింది. మాట రాడానికి నాలిక మీదొకటి. సూపు నిలవడానికి కణతలకి రెండు. ఎన్ను పొడుగూతా ఇరవైయ్యొకటి. ఇనపకడ్డీ తెచ్చి ఇంట్లో ఎట్టినారు. బొగ్గులు కూడా తెచ్చినారు.”

“నువ్వేటి సేస్తన్నావురా! వద్దనలేవేటి?”

“అన్నాను. నాలుగుసార్లన్నాను. అత్త మాటాడితే ఆగదు. నాకు గట్టిగా అనడం రాదు. పెద్దలు కూడా ఎట్టించీమన్నారు. అప్పుడు మంత్రగాడి మనిసి అడిగినాడు, ఈ పిల్ల ఎత్తుకున్నోల పిల్లా, కన్నోల పిల్లా అని. తవిటమ్మని పేరిన్నాడు గదా. ఒకల బిడ్డకి ఇంకొకలు వాత ఎట్టించకూడదంట. ఎడితే ఆ కీడు ఎట్టించినోలకే అంట. అత్త బయపడింది. నావంక సూసింది.”

“నువ్వేటన్నావు?”

“ఏటీ అన్నేదు. నోటికి రానేదు. పిల్లనెత్తుకొని దోనెక్కీసినాను.”

“నువ్వు తవుడు నా కొంగులో ఎట్టినప్పుడు ఎవులన్నా సూసినారా?”

“నువ్వూ, నానూ, గేదె.”

“దాలయ్యా... అందరి ముందరా నాది కాదన్నాక, మళ్ళీ నాదని అన్నేవురా. ఎన్నటికీ.”

“తెల్సు. మంత్రగాడు ఏటేటా వస్తాడు.”

“దాని పెళ్ళికీ, సావుకీ నువ్వు పరాయోడివే.”

“తెల్సు. వొచ్చినకాణ్ణుంచీ నీకాడ అని సూసుకున్నాను. రేపు అందరి ముందరా అనాల. నాకు అలవాటు నేదు గదా. తడబడకుండా అన్నానా, అప్పా?”

మర్నాడు తొలికోడి కూసేసరికి దాలయ్య లేచాడు. నిద్రపోతున్న పిల్లను లేపలేదు. మొదటి దోనెలో ఏరు దాటి ఊరు చేరి, వాకిట్లో కూడిన అందరి ఎదుటా, తాను తవుడు ఇవ్వలేదనీ, ఆ పిల్ల తనది కాదనీ మూడుసార్లు చెప్పాడు. ఆ తరవాత నాగలి భుజాన వేసుకొని పొలానికి పోయాడు.