నాలుగు గాట్లు

తుపాకుల మరమ్మతు కొట్టు, మిట్టమధ్యాహ్నం. బల్లకి అటు కొట్టు నడిపే అన్న, ఇటు తొమ్మిదేళ్ల తర్వాత గడప తొక్కిన తమ్ముడు. ఇద్దరి మధ్యా మూతి తుప్పుపట్టిన తుపాకీ.

"కోసేద్దాం అంటున్నాగా! మూతి దగ్గర రెండంగుళాలు కోసేస్తే చోకూ గీకూ అన్నీ పోతాయి. ఎలాగూ రేపు స్టేషన్లో అప్పగించేసే తుపాకీయే కదా."

"కొయ్యొద్దు. విప్పు."

"ఎక్కడ విప్పనురా? బ్యారెల్ మరలూ, మూతిలో బిగించిన ఈ చోకు గొట్టం మరలూ తుప్పుతో ఒకటైపోయాయి."

"కొయ్యడానికైతే మా ఇంటి పక్కన వెల్డింగువాడున్నాడు అన్నయ్యా. నీదాకా రానక్కర్లేదు."

"అదే అడుగుతున్నా. తొమ్మిదేళ్లు మొహం చాటేసినవాడివి, ఇవాళ నా దగ్గరికే ఎందుకొచ్చినట్టు?"

"నీ చేత్తోనే విప్పాలి. నా కళ్ల ముందే."

"టీ తాగుతావా? లోపల మీ వదినకి చెప్తాను."

"టీ వద్దు."

"నువ్వొచ్చావని చెప్పకపోతే నన్ను చంపుతుంది."

"తర్వాత చెప్పు. ముందు విప్పు."

"సరే, ఒక పని చేద్దాం. మూతిలో గేజి పెట్టి చూస్తాను. విప్పకుండానే ఏ చోకో తేలిపోతుంది."

"గేజి నీది, చెయ్యి నీది, చెప్పే నోరూ నీదే. నమ్మడం మాత్రం నా వంతు. వద్దు. చోకు ఒంటి మీద పేరు చెక్కి ఉంటుంది. అది బయటికి తియ్యి, నేనే చదువుకుంటాను."

"చదువుకుని ఏం చేస్తావు?"

"ఏమీ చెయ్యను. లైసెన్సు ఇక అక్కర్లేదని రాసిచ్చేశాను. రేపటి తర్వాత ఇది మళ్లీ నా చేతికి రాదు. అప్పగించేలోపల నాకు తెలియాలి. ఆ రోజు తప్పింది నా చెయ్యా, నీ చెయ్యా అని."

"నేను మార్చలేదురా. ఆ రోజే చెప్పాను."

"పోటీ రోజు పొద్దున తుపాకీ ఎవరి దగ్గరుంది?"

"శుభ్రం చేసి పెట్టమని నాన్నే..."

"ఎవరి దగ్గరుంది?"

"నా దగ్గరే. ఇదే బల్ల మీద."

"మధ్యాహ్నానికి ఇరవై ఐదు మట్టి పళ్లేలకి నేను కొట్టింది పదకొండు. ముందు వారం వరకూ ఇరవై మూడుకి తగ్గలేదు. పళ్లెం ఎగిరేది, సూటిగా పట్టుకునేవాణ్ని, పేల్చేవాణ్ని, అది చెక్కుచెదరకుండా వెళ్లి గడ్డిలో పడేది. మచ్చుకి ఒక్క తునకైనా రాలేది కాదు. గుళ్లు చెదిరిపోయి పళ్లెం పక్కనుంచి పోతే ఎలా ఉంటుందో, అచ్చం అలాగే."

"చెయ్యి ముందు పోయినా, వెనకబడినా అలాగే ఉంటుంది."

"బయటికొచ్చి మూతిలో చోకు అంచు చూశాను అన్నయ్యా. నాలుగు గాట్లు. నేను బిగించుకున్నది ఒక్క గాటుది."

"నీకు గాట్లు లెక్కపెట్టడం వచ్చా? చిన్నప్పుడు గాట్లు ఎక్కువున్నదే గట్టిదని వాదించి నాన్న చేత చెవి మెలిపెట్టించుకున్నావు."

"ఆ మెలికతోనే నేర్చుకున్నాను. ఒక్క గాటంటే బాగా బిగువు, గుళ్లన్నీ గుప్పిట్లో పట్టినట్టు దూరం దాకా కలిసి పోతాయి. గాటు పెరిగేకొద్దీ వదులు. నాలుగు గాట్లది పెట్టుకుని దూరం పళ్లేన్ని కొట్టడమంటే, పళ్లెం తప్ప మిగతావన్నీ కొట్టడం."

"అనుమానం వచ్చినవాడివి అక్కడే విప్పి చూడకపోయావా?"

"విప్పితే నేనేం చేసేవాణ్నో నాకే తెలీదు. పెట్టెలో పెట్టి తాళం వేసేశాను. మళ్లీ తియ్యలేదు."

"నాన్నకైనా చెప్పకపోయావా?"

"ఏమని చెప్పను? ఒక కొడుకు ఓడిపోయాడు, ఇంకో కొడుకు దొంగ. రెండూ ఒకే రోజు చెప్పమంటావా ఆయనకి?"

"మరి ఆయనేమన్నాడు?"

"ఇంటికొచ్చేదాకా ఆయన నోరు విప్పలేదు. గుమ్మం దగ్గర ఆగి అన్నాడు, 'నీకు చెయ్యి ఉంది గానీ గుండె లేదురా' అని. ఆర్నెల్లకి పోయాడు. ఆ మాట వెనక్కి తీసుకోకుండానే పోయాడు."

"ఆయన మాటలకేంలే. నన్ను అన్నవి నువ్వు వినలేదు."

"నిన్నేమన్నాడు? పెద్దోడు బంగారం అనేవాడు."

"బంగారమే. అందుకే బల్లకి కట్టేశాడు. నీకంటే ముందు పేల్చడం నేర్చుకున్నది నేను. పదిహేడేళ్లప్పుడు వరసగా ఇరవై పళ్లేలు కొట్టాను, ఎవరికైనా గుర్తుందా? నీ చేతికి తుపాకీ ఇచ్చాడు, నా చేతికి ఆకురాయి ఇచ్చాడు. నువ్వు కప్పు పట్టుకుని ఫోటో దిగితే, నీ తుపాకీలో మసి గోకింది నేను."

"అయితే ఒప్పుకుంటున్నావు."

"ఏం ఒప్పుకుంటున్నాను? కడుపు మండిందని ఒప్పుకుంటున్నాను. కడుపుమంటకి శిక్ష ఉందా?"

"మార్చావా, లేదా?"

"మార్చలేదు! ఎన్నిసార్లు చెప్పాలిరా? మా పిల్ల మీద ఒట్టు, మార్చలేదు."

"అయితే విప్పడానికి భయమెందుకు?"

"భయమెవడికి? రెండు రోజులు నూనెలో నానితే గానీ..."

"మూడు రోజులు నానబెట్టే తెచ్చాను. మూతి కిందికి పెట్టి, డబ్బాలో నూనె పోసి. వాసన చూడు."

"అన్నీ తెలిసినవాడివి, అప్పుడేమైంది నీ తెలివి? నెలకోసారైనా విప్పి, బ్రష్షుతో మరలు తోమి, చిటికెడు గ్రీజు రాసి పెట్టుకోమని వెయ్యిసార్లు చెప్పాను."

"గెలుస్తున్నప్పుడు విప్పాలనిపించదు అన్నయ్యా. మొదటి కప్పు వచ్చిన దగ్గర్నుంచీ దాని జోలికి పోలేదు. ఏడాది. అదృష్టం మరల సందుల్లోంచి కారిపోతుందనుకున్నాను, వెధవని."

"వెధవవే. ఆ వైసు ఇటు లాగు. దవడలకి చెక్కముక్కలు పెట్టు, లేకపోతే బ్యారెల్ నొక్కుకుపోతుంది."

"తుపాకీలో తూటా లేదుగా, మళ్లీ చూడనా?"

"చూడు. చూసి నాకూ చూపించు. ఆఁ. ఇప్పుడు ఆ వేడినీళ్ల చెంబు. మూతి మీద పొయ్యి, మెల్లగా. ఇంకా పొయ్యి. చోకు విప్పే తాళం ఏదీ?"

"ఇదిగో."

"ఇది కాదు, నాలుగు పళ్లది. తాళం పట్టే పెద్ద కోతలు వేరు, గుర్తు గాట్లు వేరు. ఇక్కడ మసిలో ఏదీ కనబడ్డం లేదు. పట్టుకో. గట్టిగా పట్టుకో."

"పట్టుకున్నా."

"ఉహూఁ."

"ఇంకొంచెం."

"నీ బాబు సొమ్మా, ఇంకొంచెం అంటే రావడానికి? మళ్లీ నీళ్లు పొయ్యి."

"మన ఇద్దరి బాబూ ఒకడే కదా."

"నవ్వించకు, తాళం జారుతుంది."

"కదిలింది!"

"లేదు."

"కదిలింది అన్నయ్యా, నేను చూశాను. ఆపకు."

"చెయ్యి తియ్యి. ఊరికే లాగితే మరలు తెగుతాయి. ఇదిగో... వస్తోంది. వస్తోంది. వచ్చేసింది."

"ఇటివ్వు."

"కాలుతుందిరా, గుడ్డతో పట్టుకో."

"ఎంత మసి! ఇక్కడేదో రాసుంది. ఆగు."

"చదువు."

"ఒంటి మీద మసి తుడవనీ."

"చదువుకుంటానన్నావుగా. చదువు మరి."

"ఫుల్."

"పైకి చదువు."

"ఫుల్ అని ఉంది. ఇది ఒక్క గాటుది. నాదే ఇది. నేను పెట్టుకున్నదే. అన్నయ్యా, ఇది నాదే."

"విన్నాను. కూర్చో. ఆ స్టూలు లాక్కో."

"అయితే నేనే. ఆ పద్నాలుగు పళ్లేలూ నా చేతిలోంచే పోయాయి. నాన్న సరిగ్గానే చూశాడు."

"ఒక్క రోజు చెయ్యి తప్పిందిరా. ఎవరికి తప్పదు?"

"ఒక్క రోజా? ఆ ఒక్క రోజుకి నేను తొమ్మిదేళ్లు నిన్ను తిట్టుకున్నాను. పొద్దున్నే లేచి పళ్లు తోముకుంటూ తిట్టుకునేవాణ్ని, తెలుసా? అమ్మ ఆసుపత్రిలో మంచం మీదుండి నీతో ఒక్క మాట మాట్లాడమని నా చెయ్యి పట్టుకుంది. విదిలించుకుని వచ్చేశాను. నీ పిల్ల పుడితే చూడ్డానికి రాలేదు. దాని మొహం ఎలా ఉంటుందో నాకు తెలీదు."

"నీ మొహంలాగే ఉంటుంది. అదే దాని ఖర్మ."

"ఎలా నవ్వుతున్నావు? నా చెంప మీద కొట్టు. నిజంగా చెప్తున్నా, కొట్టు."

"ఊరుకోరా."

"దొంగ అన్నాను నిన్ను. నలుగురికీ చెప్పాను. షూటింగ్ రేంజిలో ప్రతివాడికీ చెప్పాను. ఆ తర్వాత నీ కొట్టుకి షూటర్లు రావడం మానేశారు కదూ?"

"వచ్చేవాళ్లు వస్తూనే ఉన్నారు."

"అబద్ధం. ఈ గోడకి ఒకప్పుడు ముప్పై తుపాకులు ఆనించి ఉండేవి. ఇవాళ రెండున్నాయి. నువ్వెందుకు ఊరుకున్నావు? వచ్చి నా పీక పట్టుకుని, పెట్టె తాళం బద్దలుకొట్టి చూపించాల్సింది."

"చూపించాల్సింది."

"ఎందుకు చూపించలేదు?"

"పోనీలే, అయిపోయింది. టీ తెమ్మంటానుండు."

"వదినని పిలువు. ఆవిడ ముందే నీ కాళ్లు పట్టుకుంటాను. ఇప్పుడే, ఏడుపు మింగేసుకోకముందే. రేంజికి కూడా వెళ్లి చెప్తాను, ఒక్కొక్కడికీ. మా అన్న ఏ తప్పూ చెయ్యలేదని."

"ఎవరికీ ఏమీ చెప్పొద్దు."

"చెప్తాను. కనీసం అదైనా చెయ్యనీ. అది సరే గానీ, నాలుగెలా లెక్కపెట్టాను? ఓడిపోయినంత మాత్రాన ఒకటి నాలుగుగా కనబడుతుందా? ఆగు, మూతి తుడవనీ."

"ఇటు పడెయ్యి, నేను తుడుస్తాను."

"నువ్వు చాలా చేశావు, ఉండు. ఇదిగో, ఇక్కడొకటి. చక్కగా, నలుచదరంగా, ఫ్యాక్టరీలో కోసినట్టుంది. ఇది అసలు గాటు. ఇటు ఇంకోటి. ఇంకోటి. ఇంకోటి. నాలుగున్నాయి! నా కళ్లేం పోలేదు అన్నయ్యా."

"పాత చోకు కదా. గీతలు పడుంటాయి."

"గీతలు కావు, లోతుగా దిగాయి. వంకరటింకరగా. ఏదో మొనదేలినది పెట్టి సుత్తితో మోదితే జారినట్టు. ఇప్పుడు నీ తాళం జారి పడ్డాయా?"

"ఆఁ. జారుంటుంది."

"ఇప్పుడు పడితే మెరవాలి. వీటి లోపల తుప్పుంది అన్నయ్యా."

"నీళ్లు తాగు ముందు."

"పోటీ రోజు మధ్యాహ్నం నేను చూసినవి ఇవే. ముందు రోజు లేవు. ఎవరు విప్పబోయారు దీన్ని?"

"నేనేరా. నాలుగు గాట్లది జేబులో పెట్టుకుని, తెల్లవారినప్పట్నుంచి గంటసేపు మోదాను. ఇది కదల్లేదు."