రెండు కుర్చీల కోట

"పెద్ద పనేం కాదులే, ఒక్క ఆదివారం పట్టింది," అన్నాడు ఫ్రిజ్ మెకానిక్, టీకొట్టు బల్ల మీద కాలు మీద కాలేసుకుని. "మన చిన్నప్పటి కోట గేము గుర్తుందా? ఒక్కడే ఆడాలి. కంపెనీ వాళ్లు ఎప్పుడో వదిలేశారు. ఇప్పుడు దాన్ని నెట్‌లో ఇంకొకరితో కలిసి ఆడేలా ఎవరో అభిమాని మార్చి పెట్టాడని అంతా చెప్పుకుంటున్నారు చూడు, ఆ ఎవరో ఎవరనుకున్నారు? నేనే!"

"ఫ్రిజ్‌కి గ్యాస్ కొట్టే చేత్తోనే?" అన్నాడు టైలర్.

"అదే చేత్తో! వినవయ్యా. ముందు ఇద్దరం ఆడాం, కంటికి ఆనలేదు. పదిమంది పట్టేలా చేశా, అదీ చాల్లేదు, వెయ్యిమందిని దింపా. ఆ తర్వాత ఏమైందో తెలుసా? కంప్యూటర్ వేడెక్కి పొగలు కక్కుతుంటే ఎత్తుకెళ్లి ఫ్రిజ్‌లో పెట్టి, తలుపు సందులోంచి చెయ్యి దూర్చి ఆడా. పాలగిన్నె పట్టుకుని మా ఆవిడ వెనకే నిలబడింది, అయినా నేను కదిల్తేగా!"

"మరి కోటలో ఆ చివరి తలుపో?" అడిగాడు మెకానిక్ బామ్మర్ది. ఆ తలుపు తెరవాలని బావ పాతికేళ్లుగా తపిస్తున్నాడని ఇంటిల్లిపాదికీ తెలుసు.

"తెరిచా! వెయ్యిమందినీ పక్కన కూర్చోబెట్టి, మీరు చూస్తుండండర్రా అని ఒంటిచేత్తో ఒక్క తోపు తోశా. తలుపుతో పాటు గోడా, గోడతో పాటు కోటా వెళ్లి పక్క గేములో పడ్డాయి. అక్కడ పాపం కార్ల పందెం జరుగుతోంది, ట్రాఫిక్ జామ్! ఆ తలుపుకి కాపలా కాసే రాక్షసరాజు పరుగెత్తుకొచ్చి, 'అన్నా, ఇన్నేళ్లుగా ఒకటే డ్యూటీ, నడుం పట్టేసింది, ఇంటికి పంపెయ్' అని ఏడ్చాడు. జాలేసి సెలవిచ్చా. వాళ్లింటికెళ్లి ఫ్రిజ్ కూడా బాగుచేసొచ్చా!"

బల్ల చివర కూర్చున్న జెరాక్స్ షాపు అక్క గ్లాసు కింద పెట్టింది. "తమ్ముడూ, వెయ్యిమందీ ఎక్కడ కూర్చున్నారు?"

"గేములో వెయిటింగ్ రూం ఉందిగా అక్కా. కుర్చీలేసి మరీ!"

"అందులో కుర్చీలు రెండే. మూడోది గీయడానికి బద్ధకమేసి వదిలేశా."

అక్క మెకానిక్ వైపు తిరిగింది.

"ఆ మార్పు చేసింది నేనే. షాపులో బేరం లేనప్పుడల్లా కూర్చుంటే ఆర్నెల్లు పట్టింది. ఆ తలుపుకి రెండు గొలుసులు పెట్టా, ఇద్దరూ ఒక్కసారే లాగితే తప్ప తెరుచుకోదు. ఎవరు వస్తున్నారో నాకు కనిపిస్తుంది. నలభై రోజులుగా 'మహావీర ఫ్రిజ్' అని ఒకాయన ఒక్కడే వస్తున్నాడు. గంటసేపు కుర్చీలో కూర్చుని, తోడు ఎవరూ రాక వెళ్లిపోతున్నాడు. ఎవరా పాపం అనుకున్నా."

టైలర్ నవ్వి నవ్వి కళ్లు తుడుచుకున్నాడు. మెకానిక్‌కి తల ఎత్తబుద్ధి కాలేదు.

"నన్నైనా పిలవొచ్చుగా బావా?" అన్నాడు బామ్మర్ది.

"వెయ్యిమందితో ఆడానని మొదటి వారమే ఇంట్లో చెప్పేశా కదరా! ఇక ఏ మొహం పెట్టుకుని పిలవను?"

అక్క లేచింది. "పద తమ్ముడూ. షాపులో రెండు కంప్యూటర్లున్నాయి. ఎడమ గొలుసు నాది, కుడిది నీది."

మెకానిక్ ఆమె వెనకే రెండడుగులు వేసి, ఆగి, వెనక్కి తిరిగాడు.

"చూశారుగా! వెయ్యిమందిని దాటుకుని వచ్చి అక్క ఇంతలా బతిమాలుతోంది. కాదంటే ఏం బావుంటుంది?"