కాలాన్ని నిలబెట్టే యంత్రం

1926 వేసవి. అరకు దొర బంగళా గుమ్మం దగ్గర కాపలా తాతతో గూడెం పిల్ల మాట్లాడుతోంది. నేను గోడవతల నిలబడి విన్నాను.

“తాతా, యంత్రం సప్పుడేదీ?”

“పొద్దున్నే ఆపేసినాను గుంటా. దాని సుట్టూ కాలం కదలదు కదా, రేపో మాపో పిల్లలయ్యే గుడ్లని నా కోడి ఇంకో నెల్లాళ్ళు పొదిగినా పిల్లలవనేదు.”

“ఆపేసినావా! పాము కరిసిన మా అయ్య ఎనక గదిలో ఉన్నాడు తాతా! ఇసం ఎక్కకుండా దొరే దాని పక్కన పడుకోబెట్టినాడు!”

“ఓలమ్మో! నిన్న నేను ఊళ్ళో లేను, నాకెవులూ సెప్పనేదే!”

“పసరు తెచ్చినాను. మళ్ళీ తిప్పు, బేగి!”

“తిప్పితే ఇప్పుడెలాగున్నాడో అలాగే ఉండిపోతాడే!”

“అయితే వద్దు... ఆ గంపలో కీసుకీసులేటి?”

“కోడిపిల్లలు. ఇందాకే పుట్టినాయి.”

“గుడ్లకి సాలిన పొద్దు ఇసానికి సాలదా తాతా?”