పాత చట్టం కింద ఒక కేసు

పోలీస్ స్టేషన్ ముందుగది. కొత్త చట్టం రేపటి నుంచి అమలు. హెడ్ కానిస్టేబుల్ బల్ల ముందు ఒక తల్లి.

"మళ్లీ అడుగుతున్నానమ్మా. మీ అబ్బాయి మీద కేసు పెట్టమంటున్నది మీరేనా?"

"నేనే బాబూ. చిన్నదే. పాత చట్టం కింద కట్టేయండి. ఇవాళే."

"ముందు కూర్చోండి. ఏం చేశాడు?"

"పక్కింటి గోడ దూకాడు."

"దొంగతనానికా?"

"అయ్యయ్యో, మావాడా? దండెం మీది చొక్కా గాలికెగిరి వాళ్ల పెరట్లో పడింది. తెచ్చుకుందామని దూకాడు."

"వాళ్లేమైనా గొడవ చేశారా?"

"లేదు. ఆవిడ మంచినీళ్లిచ్చి పంపింది."

"మరింకేంటమ్మా?"

"నిన్న నీళ్లిచ్చింది. రేపు చెత్తకుండీ దగ్గర నాకూ ఆవిడకూ మాటా మాటా వచ్చిందనుకోండి, గోడ గుర్తుకు రాదా? గోడ ఎప్పుడు దూకినా, రేపటి నుంచి కేసు పెడితే పదేళ్లంట కదా. ఇవాళైతే?"

"ఇవాళైతే మందలించి, జరిమానా కట్టించుకుని పంపిస్తాం."

"అదే కావాలి. ఆ మందలించేదేదో గట్టిగా మందలించండి, నేనేమీ అనుకోను. అసలు గోడకి పదేళ్లేంటి బాబూ?"

"మొదట రెండేళ్లే అనుకున్నారు. ఇంతలో ఎన్నికలొచ్చాయి. సభలో ఒకాయన ఐదన్నాడు. ఇంకొకాయన ఏడన్నాడు. వేలంపాటే అనుకోండి. పదన్నాయన గెలిచాడు."

"ఆ సభకి నేనూ వెళ్లాను. చప్పట్లు కూడా కొట్టాను. దొంగలకి కదా అనుకున్నాను."

"అందరూ అలాగే అనుకున్నారు. పొద్దున మా ఎస్సైగారి బావమరిది వచ్చి, వాళ్ల నాన్న మీద కేసు పెట్టమని కూర్చున్నాడు."

"పాపం, ఆయనేం చేశాడు?"

"పార్కులో పూలు కోస్తాడు. సరే, మీవాడేడి?"

"బయట బండి దగ్గరున్నాడు. ఉద్యోగానికి మంచి నడవడిక సర్టిఫికెట్ ఇప్పిస్తానని తీసుకొచ్చాను."

"అమ్మా, నా మాట వినండి. కొత్త చట్టంలో ఇంకొకటుంది..."

"వద్దు, చెప్పకండి. మీరేదో అంటారు, నాకు దడ పుడుతుంది. ముందు కేసు కట్టండి. మీ కాళ్లు పట్టుకుంటాను."

"అయ్యో, లేవండి, లేవండి. ఎవరైనా చూస్తే బాగుండదు. కడుతున్నాను."

"ఎక్కించారా?"

"ఎక్కించాను. కంప్యూటర్లో ఉంది మీవాడి పేరు."

"చల్లగా ఉండండి నాయనా. నిన్నటి నుంచి అన్నం సహించలేదు. ఇక కొత్త చట్టం వాడి జోలికి రాదుగా?"

"ఈ గోడకి రాదు."

"ఈ గోడకి అంటారేంటి?"

"అదే చెప్పబోతే మీరు విన్లేదు. పాత కేసున్నవాడు రేపటి నుంచి ఏ తప్పు చేసినా యావజ్జీవమే. చిన్నదా పెద్దదా అని చూడరు. హెల్మెట్ పెట్టుకోకపోయినా అంతే. ఇంతకుముందు ఏ కేసూ లేనివాడికైతే ఈ బాధ లేదు."

"తీసేయండి."

"ఎక్కించడమే నా చేతిలో ఉందమ్మా. తీసెయ్యడం నా చేతిలో లేదు."

"లేదంటే ఎలా బాబూ, లేదంటే ఎలా?"

"ఏడవకండి. కుర్రాడు బుద్ధిమంతుడే కదా, కాస్త జాగ్రత్తగా ఉండమనండి. జరిమానా కట్టేసి ఇంటికి తీసుకెళ్లండి."

"ఇంటికా? దారిలో రెండుచోట్ల ఎర్రలైట్లున్నాయి. బజారంతా జనం, ఎవరి కాలో తొక్కుతాడు. వాళ్లు ఊరుకుంటారా? వద్దు బాబూ. వాణ్ణి ఇక్కడే లోపల ఉంచండి. లోపలుంటే ఏ తప్పూ చెయ్యలేడు."

"ఉంచమంటే ఎన్నాళ్లు ఉంచమంటారు?"

"నేను బతికున్నన్నాళ్లూ. నేను పోయాక వదిలేయండి. అప్పుడిక వాడి కోసం భయపడేవాళ్లు ఉండరు."