పక్కదారి డాక్టరు గారి వరండా

ముందు అందరూ కూర్చోండి. వెనక గోడకి ఆనుకుని నిలబడ్డవాళ్ళు కూడా. కుర్చీలు చాలకపోతే వేదిక మీదవి తీసుకెళ్ళండి, మాకు ఇన్ని అక్కర్లేదు. ఇక్కడికి వచ్చినవాళ్ళలో సగం మందివి నాకు మొహాలకంటే కాళ్ళే బాగా గుర్తు. తీసేద్దామని నేనంటే, ఆగమని ఆయన అడ్డుపడ్డ కాళ్ళవి.

వదినగారూ, అమ్మాయీ, సూపరింటెండెంట్ గారూ, సిస్టర్లూ, మిత్రులారా! ఎందుకు చేరామో వేరే చెప్పాలా? మన రక్తనాళాల డాక్టరు గారు పోయారు. మొన్న పొద్దున్నే ఫోను వస్తే నాకు కాలూ చెయ్యీ ఆడలేదు. నిద్రలోనే గుండె ఆగిపోయిందన్నారు. ఎవరినీ ఇబ్బంది పెట్టకుండా వెళ్ళిపోయారని ఎవరో అన్నారు. ఇబ్బంది పెట్టకపోవడమేంటండీ? నన్ను పెట్టాడు. ఇలా నిలబెట్టి మాట్లాడిస్తున్నాడు.

నిజం చెప్పాలంటే నేను అలిసిపోయాను. ఈ వయసులో సంతాప సభలు ఎక్కువైపోయాయి. ప్రతి సభలోనూ పోయినవాడు దేవుడంతటివాడే. ఈయన దేవుడు కాదు, మొండివాడు. వదినగారు ఏమీ అనుకోరు, ఆ మాట మొదట నాతో అన్నది ఆవిడే.

ఇద్దరం ఒకే డిపార్ట్‌మెంటులో చేరాం. నేను కోసేవాణ్ణి, ఆయన నడిపించేవాడు. కాలి నాళాలు మూసుకుపోయినవాళ్ళు మా దగ్గరికి వస్తారు. నాలుగడుగులు వేస్తే పిక్క పట్టేస్తుంది, ఆగితే తగ్గుతుంది, నడిస్తే మళ్ళీ పట్టేస్తుంది. ముదిరితే పుండు. ఇంకా ముదిరితే నేను. అందుకే నా గది ముందు నుంచి వెళ్ళేటప్పుడు జనం మొహం తిప్పుకునేవాళ్ళు. ఆయన గది ముందు మాత్రం తిరునాళ్ళే.

ఆయన చెప్పే పాఠం ఒకటే. పెద్ద నాళం మూసుకుపోతే దాని చుట్టూ సన్న నాళాలుంటాయి. అవి వెడల్పవుతాయి, కొన్ని కొత్తవీ మొలుస్తాయి. రక్తం వాటిగుండా చుట్టు తిరిగి పాదం చేరుతుంది. ఊరికే చేరుతుందా? చేరదు. "అడగందే అమ్మయినా పెట్టదు. పిక్క అడగాలి. అది అడగడమే నొప్పి" అనేవాడు. నొప్పి వచ్చేదాకా నడవండి. వస్తే ఆగండి. తగ్గాక మళ్ళీ నడవండి. ఇంతే వైద్యం. మిగతా డాక్టర్లు చీటీ రాస్తే ఈయన కాలికి బలపం కట్టి పంపేవాడు.

ఒక హెడ్‌మాస్టరు గారు వచ్చారు. రిటైరైనా చేతిలో బెత్తం ఉన్నట్టే కూర్చునేవారు. "మాస్టారూ, మీ రక్తం పక్కదారి పట్టాలండీ" అన్నాడు ఈయన. పెద్దాయనకి చర్రున కోపం వచ్చింది. "నా జన్మలో పక్కదారి పట్టినవాణ్ణి కానండీ!" అని లేచారు. ఈయన తాపీగా, "అందుకేనండీ కాలు ఇలా అయింది. ఇప్పటికైనా పట్టండి" అన్నాడు. మాస్టారు పక్కదారి పట్టారు, కాలు నిలబెట్టుకున్నారు. పక్కదారి డాక్టరని ఈయనకి పేరు పెట్టింది కూడా ఆయనే. ఆ పేరు ఎంత పాతుకుపోయిందంటే, అసలు పేరుతో అడిగితే మన గేటు దగ్గరివాడు అలాంటివారెవరూ ఇక్కడ లేరనేవాడు.

ఇంత తేలిక మాట ఆయనకి పుట్టుకతో రాలేదు. దాని వెనక మా ఇద్దరి పడుచు వయసూ ఉంది. కొత్త నాళాలు మొలిపించే ఇంజెక్షను ఒకటి మా చేతికొచ్చింది. సగం మందికి ఆ మందు, సగం మందికి ఉత్త ఉప్పునీళ్ళు. ఎవరికి ఏది పడుతోందో పేషెంట్లకీ తెలియదు, మాకూ తెలియదు. కొన్నాళ్ళకి జనం బాగా నడవడం మొదలుపెట్టారు. మాకు కాళ్ళు నేల మీద నిలవలేదు. ఇక కోత పని ఉండదు, నా కత్తులు ఉల్లిపాయలకి పనికొస్తాయనుకున్నాను.

చివరికి లెక్క విప్పితే ఏముంది? మందు పడ్డవాళ్ళూ బాగా నడిచారు, ఉప్పునీళ్ళు పడ్డవాళ్ళూ అంతే బాగా నడిచారు. ఎక్కడ పొరపాటు జరిగిందని తలలు పట్టుకున్నాం. ఈయన ఇంజెక్షను గది గుమ్మంలో నిలబడి వార్డు వైపు చూశాడు. వార్డు ఈ చివర, గది ఆ చివర. మధ్యలో పొడుగాటి వరండా. ఇంజెక్షను కోసం వచ్చిన ప్రతివాడూ దాని మీద నడవడం, పిక్క పట్టేస్తే బల్ల మీద కూర్చోవడం, తగ్గాక లేచి నడవడం. మేమే నడిపించాం, ఆ సంగతి మాకే తట్టలేదు.

పెద్ద సభలో ఫలితాలు చెప్పాలి. మందు తయారుచేసినవాళ్ళు మెత్తగా చెప్పమన్నారు, ఇంకా పరిశీలించాలి అనమన్నారు. ఈయన మైకు ముందుకెళ్ళి కుండబద్దలు కొట్టాడు. "మందు పనిచేయలేదు. వరండా పనిచేసింది." హాలంతా నవ్వింది. నాకు నవ్వు రాలేదు. నా వయసంతా ఆ సీసాల్లో పోసిన తర్వాత నవ్వెలా వస్తుంది? తిరుగు రైల్లో ఆయన కమలాపళ్ళు వొలిచి ఒక్కో తొన నా చేతిలో పెడుతూ వచ్చాడు. తిన్నాను. ఆ మందు మీద పని ఇప్పటికీ ఎక్కడో ఒకచోట ఎవరో ఒకరు చేస్తూనే ఉన్నారు. చేయాలి కూడా. ఏదో ఒకరోజు మొలిపిస్తారు. అంతవరకూ మనకి వరండా ఉంది కదా అనేవాడు.

నడకతో అన్నీ తగ్గుతాయని మాత్రం ఆయన ఏనాడూ చెప్పలేదు. మూడో వరసలో మన టైలరు గారు కూర్చున్నారు. ఆయన వచ్చేసరికే పాదం నల్లబడింది. రెండో కాలి నుంచి సిర తీసి కొత్త దారి వేశాం, అదీ మూసుకుపోయింది. ఆపరేషను ముందురోజు ఈయన వెళ్ళి మంచం పక్కన కూర్చున్నాడు. ధైర్యంగా ఉండండి, ఏం కాదు అనలేదు. "కాలు పోతుంది. మోకాలు దక్కేలా చూడమని మావాడికి చెప్పాను" అన్నాడు. ఏమీ కాదని చెప్పే డాక్టర్లు ఎంతమందో! పోతుందని చెప్పి కూడా కుర్చీలోంచి లేవకుండా కూర్చునేవాళ్ళు ఎంతమంది? మర్నాడు థియేటర్లో నా భుజం మీదుగా తొంగిచూస్తూ నిలబడ్డాడు, మోకాలు దక్కేదాకా కదల్లేదు. ఆయన ఒంటి మీద చివరిదాకా ఉన్న తెల్లకోటు ఆ టైలరు గారు కుట్టిందే.

ఇక ఆయన కాళ్ళ సంగతి. సాయంత్రాలు ఇద్దరం బజారు మీదుగా నడిచేవాళ్ళం. కొన్నాళ్ళ కిందట చెప్పుల కొట్టు దగ్గర ఆగడం మొదలుపెట్టాడు. తర్వాత గిన్నెల కొట్టు, ఆ తర్వాత గాజుల కొట్టు. వదినగారు కూడా ఒకరోజు నాతో, "ఈ వయసులో ఈయనకి గాజుల మీద మనసు పోయిందేంటండీ?" అన్నారు. పిక్క పట్టేసినవాళ్ళంతా చేసేపనే అది. నొప్పని చెప్పలేక కొట్లు చూస్తారు. వేలమందిలో ఆ దొంగవేషం పట్టుకున్న మనిషి తనూ అదే వేశాడు. నేను అడిగాను. మర్నాడు అదే వరండాలో, తన పేషెంట్ల వరసలో, పెట్టుడు కాలుతో నడిచే టైలరు గారి వెనక నడుస్తూ కనిపించాడు. మందులు వేసుకున్నాడు, ఉప్పు తగ్గించాడు, వదినగారి చేత తిట్లు తిన్నాడు. కాలు బాగుపడింది. "కాలు మూసుకుపోతే గుండెనీ చూసుకోవాలి" అని అందరికీ చెప్పేవాడు. తనూ చూపించుకున్నాడు. అయినా అది ఆగింది. ఎంత చేసినా ఒక్కోసారి ఇంతే. ఈ మాట నా పేషెంట్ల ఇళ్ళవాళ్ళకి ఎన్నోసార్లు చెప్పాను, ఇవాళ నాకు నేను చెప్పుకుంటుంటే నమ్మబుద్ధి కావడం లేదు.

సూపరింటెండెంట్ గారూ, మీరు ముందు వరసలో కూర్చున్నారు కాబట్టి తప్పించుకోలేరు. ఆ వరండాకి అడ్డంగా గోడ కట్టి స్కానింగు గది చేస్తారట. నేల మీద సుద్దగీతలు అప్పుడే పడ్డాయి. స్కానింగు మిషను వద్దని ఎవరంటారు? నాకూ కావాలి. ఏ దారి మూసుకుపోయిందో అది చూపిస్తుంది. పక్కదారి మాత్రం అది వెయ్యదు. వేసేది ఆ వరండా. ఇంకో చోటు వెతకండి. వెతకడానికి నేనూ మీతో తిరుగుతాను, కాళ్ళరిగేలా తిరుగుతాను. ఆయన పేరుతో బోర్డు అడగడం లేదు, విగ్రహం అసలే అడగడం లేదు. విగ్రహాలు నడవవు.

నాకు ఓపిక అయిపోయింది. ఒక్కటి చెప్పి ఆపేస్తాను.

మనకిప్పుడు నొప్పిగా ఉంది. వదినగారికి ఉంది, అమ్మాయికి ఉంది, నాకు ఉంది. ఒప్పుకోవడానికి సిగ్గెందుకు? ఏ కొట్టు ముందూ నిలబడి నటించక్కర్లేదు. నొప్పి వచ్చినప్పుడు ఏం చెయ్యమన్నాడు? ఆగమన్నాడు. తగ్గాక? మీకందరికీ తెలుసు.

అందుకని, మౌనం అయ్యాక కూర్చోమని నేను చెప్పను. ఈ హాలు తలుపు ఆ వరండాలోకే తెరుచుకుంటుంది. సిస్టరుగారూ, కొంచెం ఆ తలుపు తీసి పెట్టండి. సూపరింటెండెంట్ గారూ, మీరు నా పక్కన రండి. సుద్దగీత దగ్గర ఎవరూ ఆగనక్కర్లేదు, నొప్పి వచ్చిన దగ్గర ఆగితే చాలు.

నిలబడలేనివాళ్ళు కూర్చునే ఉండండి, ఆయన ఏమీ అనుకోడు. మిగతావాళ్ళం లేచి, ఆయన కోసం కాసేపు మాట లేకుండా ఆగుదాం.